ఖడ్గతిక్కన యింటి స్త్రీలు

పశువుల మేతపన్నైన పుల్లరి తగవు ముదిరి నెల్లూరేలిన మనుమసిద్ధి రాజునకును గొల్లల నాయకుడు కాటమరాజునకును పోరు సంభవించినప్పుడు, సేన నశింపగా రణము విడిచి నెల్లూరికి మరలి వచ్చిన మనుమసిద్ధి సేనాని ఖడ్గతిక్కనకు, భార్య చానమ్మ స్నానమునకు మంచమడ్డుగ నిలిపి పసుపుముద్ద యుంచెననియు, తల్లి ప్రోలమ్మ విరిగిన పాలు వడ్డించెననియు, అతడు సిగ్గుపడి తిరిగి పోయి పోరి మడిసెననియు మన సీమలో తరతరములుగా చెప్పుకొనుచున్నారు. వినినవారెల్లరు తిక్కన శౌర్యమును కొనియాడుదురు. నాకు ఆ యత్తాకోడండ్ర గుండెదిటవే ఘనముగ తోచును. కాని పిఱికితనమును ఎత్తిపొడుచుటకు చానమ్మకు తన పసుపే సాధనమైనదన్న తలంపు నన్ను నేటికిని బాధించును. కన్నకొడుకును, కట్టుకొన్న మగనిని మృత్యుముఖమునకు పంపగల ధైర్యము స్త్రీకి గలదని యెఱిగియు, ఆమె చేతికే ఖడ్గ మిచ్చిన నేమని ఆ కథ చెప్పినవారిలో నొక్కరును తలపోయలేదు.

ఆ తలపోత మన కాలమున న్యాయస్థానమునకు వచ్చినది. స్త్రీలకు సైన్యమున శాశ్వత కమిషను, అనగా పదవీవిరమణ వయస్సు వరకు అధికారి కొలువు, ఒసగవలెనని సుప్రీంకోర్టు 2020 ఫిబ్రవరి 17న తీర్పు చెప్పినది. మరుసటి నెలలోనే నావికాదళమునకును అట్టి తీర్పే వచ్చినది. పల్లెల నుండి వచ్చిన సైనికులు స్త్రీ యాజ్ఞకు లోబడుటకు మానసికముగ సిద్ధముగ లేరని ప్రభుత్వపక్షమున వినిపించిన వాదమును న్యాయమూర్తులు త్రోసిపుచ్చిరి. తల్లి విరిగిన పాలతో చేసిన శాసనమునకు తలయొగ్గి సేనాని కదనమునకు మరలెనని చెప్పుకొను సీమలో ఆ వాదము ఒక్క గడియయు నిలువదు. ఇరువదియేండ్లు నిండకమునుపే మల్లు స్వరాజ్యము తెలంగాణ సాయుధపోరాటమున దళమును నడిపినది; ఆమె వెంట నడచినవారు పల్లెవారే కదా!

యుద్ధము శుభమని నే ననను. అయితే అది స్త్రీలను విడిచి పురుషులనే వెదకికొనుచు రాదు. 1942 ఏప్రిల్ 6న విశాఖపట్టణము, కాకినాడలపై జపానువారి బాంబులు పడినప్పుడు అవి ఆడ మగ తారతమ్యము నెంచలేదు. ఆపద యుభయులకును సమానమైనప్పుడు, ఎదిరించు నధికారము మాత్రము ఒకరిదే యగుట న్యాయము కాదు. కాల్బలమును, టాంకుదళమును నేటికిని స్త్రీలకు మూసియుంచుట నాకు సమ్మతము కాదు.

సముద్రము మాట వేఱుగ చెప్పవలెను. 2017 సెప్టెంబరులో గోవా నుండి తారిణి యను తెరచాప నౌకలో బయలుదేరి, 254 దినములలో భూప్రదక్షిణము ముగించిన ఆర్వురు నావికాధికారిణులలో విశాఖపట్టణపు స్వాతి, హైదరాబాదు ఐశ్వర్య గలరు. 2022 మొదలు అధికారిణులుగనే గాక నావికులుగను స్త్రీలు చేరుచున్నారు. మన నెల్లూరు తీరమున మైపాడు, జువ్వలదిన్నె, కృష్ణపట్టణములలో కెరటముల హోరు వినుచు పెరిగిన బాలికల చెవికి ఈ వార్త చేరవలెను. తీరపు ఉన్నతపాఠశాలలలో వారికి ఈత నేర్పి, నావికాదళ ప్రవేశపరీక్షకు కావలసిన గణితమును శ్రద్ధగ బోధించి, దరఖాస్తు గడువును ముందుగనే తెలుపు నుపాధ్యాయుని నొక్కొక్కని నియమించుట జిల్లా విద్యాశాఖ ఈ సంవత్సరమే చేయదగిన పని.