సగము మ్రింగిన ఒట్టు

తిరువూరు బజారులో బేరము తెగనప్పుడు అమ్మువాడు ‘అమ్మతోడు, కొన్న ధర కూడా రాలేదు’ అనును. కొనువాడు వెంటనే నమ్మడు. కాని ఆ మాట విన్న తరువాత మరి రెండు రూపాయలు తగ్గించి అడుగుటకు కొంచెము వెనుదీయును. తల్లిని సాక్షిగా నిలిపి ఆడిన మాటకు ఆమాత్రపు బరువు నేటికిని మిగిలియున్నది. అదే ఊరిలో ఆంగ్ల నాటకము చదువు విద్యార్థికి ‘జౌండ్స్’ అను మాట ఎదురైనచో, పుట అడుగున నున్న వివరణలో ‘ఆశ్చర్యార్థకము’ అని మాత్రమే కనబడును. అతడు దానిని ‘అయ్యో’ అనియో ‘ఆహా’ అనియో వ్రాసికొని పుట త్రిప్పును. ఒకప్పుడు రంగస్థలముపై దేవుని పేరు నట్లు వాడినందుకు నటులు జుల్మానా చెల్లింపవలసి యుండెడిదని అతనికి చెప్పువారు అరుదు.

‘జౌండ్స్’ అనగా ‘దేవుని గాయములు’. సిలువపై క్రీస్తునకు తగిలిన గాయములమీద పెట్టిన ఒట్టు. దేవుని పేరును పూర్తిగా మ్రింగివేసి, షష్ఠీవిభక్తిని తెలుపు తుది సకారమును మాత్రము మిగిల్చి, దానిని ‘ఊండ్స్’ అను మాటకు అతికించిరి. ఆ సకారము నోటిలో నలిగి జకారమైనది. ‘స్బ్లడ్’ ఆయన నెత్తురు. ‘గాడ్‌జూక్స్’ ఆయనను సిలువకు దిగగొట్టిన మేకులని సాధారణముగా చెప్పు వ్యుత్పత్తి. ‘ఆడ్స్ బాడికిన్స్’ దేవుని చిట్టి దేహము. ‘మారీ’ అనునది మేరీమాత పేరు. ఇంగ్లీషు చలనచిత్రములలో నేటికిని వినబడు ‘గాష్’, ‘గాలీ’, ‘జీ’ అను పొల్లుమాటలు కూడ ఈ వంశమునకు చెందినవే.

ఇట్లు దాచవలసిన అవసర మేమి? దేవుని నామమును వ్యర్థముగా ఉచ్చరింపరాదని బైబిలులోని దశాజ్ఞలలో ఒకటి. ఆజ్ఞ యున్నంత మాత్రమున నాలుక ఆగలేదు. 14వ శతాబ్దిలో చాసరు కవి సృష్టించిన క్షమాపత్రముల వర్తకుడు, ఒట్లు పెట్టుకొనువారు క్రీస్తు శరీరమును మరల చీల్చుచున్నారని మందలించును. అనగా జనులు అప్పటికి ఒట్లను నిండుగనే పలుకుచుండిరన్నమాట. 16వ శతాబ్ది ముగియు నాటికి సగము మ్రింగిన రూపములు నాటకములలో విస్తారముగా కనబడును. 1606లో ఇంగ్లండు శాసనసభ నటుల దుష్ప్రవర్తనను అరికట్టుటకు ఒక చట్టము చేసెను. రంగస్థలముపై దేవుని పేరు గాని, యేసుక్రీస్తు పేరు గాని పరిహాసముగా పలికినచో 10 పౌనుల జుల్మానా. అందు సగము రాజునకు, సగము దావా వేసినవానికి. ప్రేక్షకులలో ఎవడైనను చెవులు రిక్కించి కూర్చుండుటకు ఇంతకన్న మంచి ప్రేరణ యుండదు.

ఆ చట్టము చేసిన పని షేక్‌స్పియరు పుటలలో కన్నులకు కట్టినట్లున్నది. 1622లో అచ్చయిన ‘ఒథెల్లో’ ప్రతిలో ఇయాగో నోరు విప్పగనే వచ్చు మొదటి మాట ‘స్బ్లడ్’. 1623లో వెలువడిన పెద్ద సంపుటమున ఆ మాట లేదు. వాక్యము దాని తరువాతి పదముతో మొదలగును. ఆ యొక్క నాటకముననే ఇట్టి మాటలు పెక్కు ఎగిరిపోయినవి. ఇయాగో వంటి దుర్మార్గునకు ఆ మాటలు అలంకారములు కావు. దేవుని నెత్తురును ఊతపదముగా వాడగలవాడు ఇక దేనికి జంకును? ఆ సంగతి ప్రేక్షకునకు మొదటి క్షణముననే తెలియవలెనని కవి తలంచెను. ఒట్టు తీసివేసిన ప్రతిలో ఇయాగో కొంత మర్యాదస్థుడైనాడు.

ఇచట విచారింపదగిన దొకటి కలదు. ఒట్టును సగము మ్రింగువానికి రెండు కోరికలుండును. ఒట్టునకుగల బలము కావలెను. దాని పాపము అంటరాదు. పిల్లి కన్నులు మూసికొని పాలు త్రాగు చందము. ఫ్రెంచివారు దేవునికిగల పేరును మార్చి ‘బ్లూ’ అను నీలిరంగు పేరు చేసి, ‘పార్బ్లూ’, ‘మోర్బ్లూ’ అనిరి. సోక్రటీసు ‘కుక్క తోడు’ అనుచుండెనని ప్లేటో వ్రాసియున్నాడు. దాపరిక మున్నచోట భయము బ్రతికియున్నదని అర్థము. భయము చచ్చినపుడు ఈ మాటలు హాస్యమునకు దిగును. 1775లో షెరిడన్ వ్రాసిన ‘రైవల్స్’ నాటకమున బాబ్ ఏకర్స్ అను పల్లెటూరి పెద్దమనిషి, ఏ విషయము మాటాడిన ఆ విషయమునకు తగిన ఒట్టును అప్పటికప్పుడు కల్పించి, అది క్రొత్త నాగరికత యని మురిసిపోవును. అచ్చటికి ఆ ఒట్లలో దేవుడును లేడు, భయమును లేదు.

ఇక అనువాదము సంగతి. 19వ శతాబ్ది చివరి పాతిక సంవత్సరములనుండి షేక్‌స్పియరు తెలుగులోనికి వచ్చుచున్నాడు. అనువాదకునకు ‘జౌండ్స్’ ఎదురైనచో చేతికందు మాట ‘శివశివా’ లేక ‘రామరామ’. దేవుని పేరునకు దేవుని పేరు సరిపోయినదని అతడు తృప్తి పడవచ్చును. వాస్తవమున ఇంతకన్న విపరీతమైన అనువాదము వేరొకటి లేదు. భాగవతమున అజామిళుడు చనిపోవుచు తన కుమారుని ‘నారాయణా’ అని పిలిచెను. దేవుని తలంపు అతనికి లేనే లేదు. ఐనను ఆ పేరే అతనిని కాచినది. పరిహాసముగ నన్నను, పాటలో పొల్లుగా దొర్లినను నామము పాపమును హరించునని ఆ పురాణము సిద్ధాంతము. అచ్చట వ్యర్థనామము దోషము, ఇచ్చట వ్యర్థనామమే పుణ్యము. కావున తెలుగువాడు దేవుని పేరును మ్రింగవలసిన పని పడలేదు. ఆవులించినను తుమ్మినను ఆ పేరు నిండుగ పలుకును. ‘జౌండ్స్’కు ‘శివశివా’ అనుట దొంగను తెచ్చి పూజారి పీటపై కూర్చుండబెట్టుట.

అట్లని తెలుగునకు మ్రింగుడు తెలియదని కాదు. దేవునివద్ద లేని జంకు ఇతర స్థలములందు కలదు. పాతకాలపు ఇల్లాలు భర్త పేరు పలుకదు. ఆ పేరు గల దేవుని గూర్చి చెప్పవలసి వచ్చినను చుట్టు తిరిగి చెప్పును. బియ్యము అయిపోయినవని గృహిణి అనదు, ‘నిండుకొన్నవి’ అనును. దీపము ఆరిపోదు, కొండెక్కును. మెడలోని నల్లపూసలు తెగవు, పెరుగును. చీకటిలో పామును పామనక పురుగందురు. మశూచికమునకు ‘అమ్మవారు’ అని పేరు. ఆ వ్యాధి లోకమునుండి తొలగిపోయినదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 1980లో ప్రకటించెను. భయపడి పెట్టిన పేరు మాత్రము చిన్న చిన్న పొక్కులకు సంక్రమించి నిలిచియున్నది. అమంగళము స్ఫురింపజేయు మాటను ఆలంకారికులు అశ్లీలముయొక్క మూడు భేదములలో ఒకటిగా లెక్కించిరి. వామనుడును మమ్మటుడును కావ్యమునకు చెప్పిన నియమమును తెలుగు వంటయిల్లు ఎవరును నేర్పకయే పాటించుచున్నది. (చెరువు నిండినదని చెప్పుటకు ‘నిండుకొన్నది’ అని వ్రాయు పత్రికావిలేఖరి ఒక ముసలమ్మకు ఆ వార్త చదివి వినిపించి చూడవలెను.)

ఆంగ్లపు మ్రింగుడు ఒట్టుకు అన్నిటికంటె దగ్గరి చుట్టము తిట్టులో నున్నది. ‘నీ కడుపు కాల’, ‘నీ దుంప తెగ’, ‘నీ కొంప కూల’ అనునవి శాపములు. ‘నీ కడుపు చల్లగుండ’ అనునది దీవెన. క్రియ తుదనున్న అకార మొక్కటే. దీవించు నోటికిని తిట్టు నోటికిని వ్యాకరణము భేదము చూపలేదు. కావుననే కోపము వచ్చిన ముసలిది ‘నీ యిల్లు…’ అని మొదలుపెట్టి, ఎదుట నున్నది సొంత మనుమడని తోచి, చివరి క్షణమున ‘బంగారము గాను’ అని ముగించును. కూలవలసిన ఇల్లు బంగారమైనది. తిట్టునకుగల ఊపు పోలేదు, కీడు మాత్రము పోయినది. ‘దేవుని’ పేరుతో మొదలుపెట్టి ‘గాష్’ అని తప్పుకొన్న ఇంగ్లీషువాని నాలుకయు ఇదియు ఒకే పని చేసినవి. ఐనను ఇంగ్లీషువాడు తనకు పాపము రాకుండ తప్పుకొన్నాడు. తెలుగు ముసలిది ఎదుటివానికి కీడు రాకుండ తప్పించినది. ఈ భేదము చిన్నది కాదు. ఇక ‘తస్సాదియ్యా’ అను మాట కలదు. దాని చివర ‘తీయ’ అను శాపరూపము కనబడుచున్నట్లున్నది. మొదటి ముక్క దేనికి మారువేషమో పలుకువారికి పట్టదు, విని నవ్వువారికిని పట్టదు. ‘జౌండ్స్’కు తెలుగున సాటి మాట కావలెనన్నచో అనువాదకుడు వెదకవలసినది ఈ వీధిలోనే, దేవాలయములో కాదు.

ఒట్టు విషయమున మాత్రము తెలుగువాడు మ్రింగడు. ‘ఆన’ యనునది సంస్కృతమున ఆజ్ఞ. ‘ఒట్టు’, ‘తోడు’ దేశ్యములు. తల్లిమీద, బిడ్డమీద, తలపై చేయిపెట్టి వేయు ఒట్టును నిండుగ వేయును. వలదనుకొన్నచో ‘ఒట్టు తీసి గట్టున పెట్టుట’ అను ఉపాయము పిల్లలకు తెలియును. కాణిపాకము వినాయకుని యెదుట నేటికిని సత్యప్రమాణములు జరుగుచున్నవి. న్యాయస్థానముల కథ వేరు. హిందువులకు గంగాజలముమీదను, ముసల్మానులకు ఖురానుమీదను చేయించు ప్రమాణములను 1840 చట్టము తొలగించెను. ఐనను ప్రతిపక్షి తన మతాచారము ననుసరించి ప్రత్యేక ప్రమాణము చేసినచో దానికి కట్టుబడెదనని కక్షిదారుడు ఒప్పుకొను వీలు 1873 చట్టమున నుండెను. 1969 చట్టము దానిని మానిపించినది. సాక్షి యిపుడు పలుకునది అందరికి సమానమైన ఒక వాక్యము. దానిని పలుకునపుడు గొంతు తడబడువారు తక్కువ.

నేటి యువకులు తిట్టవలసి వచ్చినపుడు ఇంగ్లీషులో తిట్టుదురు. ఇది క్రొత్త వింత కాదు. ‘కన్యాశుల్కము’న గిరీశము నోట ‘డామిట్’ అను మాట తెలియని తెలుగువాడు లేడు. దాని యర్థము ‘నరకమున పడు గాక’ అని. ఆనాటి మర్యాదగల ఇంగ్లీషువారు దానిని ‘డార్న్’ అనియు ‘డాష్’ అనియు నమలి పలుకుచుండిరి. గిరీశము నమలలేదు. ఆ మాట వెనుక ఒక నరకమున్నదని ఎరిగినవాడు ఆ కథలో లేడు గనుక ఎవరును ఉలికిపడలేదు. గురజాడ ఆ హాస్యమును 1897నాటి ప్రతినుండి 1909నాటి ప్రతికి పెంచి వ్రాసిన నాటకమున నిలిపెను. పరభాష యందలి తిట్టునకు బరువుండదు, పరభాషయే మ్రింగుడు. నేటి పిల్లవాడు తెలుగులో అనుటకు సిగ్గుపడు మాటను ఇంగ్లీషులో తల్లి యెదుట అనగలుగుట ఇందుచేతనే. అతనికి తిట్టునకు చోటు దొరికినది. తెలుగులో ఆ పనికై తరతరములుగా చెక్కిన మాటలు మాత్రము పనిలేక మూలపడుచున్నవి.

ఆక్స్‌ఫర్డు నిఘంటువు ‘జౌండ్స్’ను సిగ్గుపడక చేర్చుకొని, అది ఎప్పటినుండి ఏ గ్రంథమున కనబడునో వరుసగ చూపినది. తెలుగున 1852లో బ్రౌనుదొర వాడుకమాటలకు తన నిఘంటువున తావిచ్చెను. 1936లో మొదలై 1972కు ముగిసిన సూర్యరాయాంధ్ర నిఘంటువు గ్రంథములలోని ప్రయోగములకు ప్రాధాన్యమిచ్చినది. ముసలిదాని నోటికి గ్రంథ మెక్కడిది? ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ 1962లో వెలువరించిన మాండలిక వృత్తిపదకోశము వ్యవసాయముతో మొదలై వృత్తి వృత్తికి మాటలు కూర్చినది. అది గొప్ప పని. ఐతే తిట్టుటకును ఒట్టు పెట్టుటకును వృత్తి లేదు. ఇట్టి మాటకు ‘అవ్యయము, ఆశ్చర్యార్థకము’ అని వ్రాసిన ప్రయోజనము లేదు. ఎవరు ఎవరితో అందురు, ఆడువారందురా, మగవారా, ఏ వరుసవారియెదుట అనరాదు, నవ్వుతో ననిన నేమి, కోపముతో ననిన నేమి, ఇవి కావలెను.

అట్టి పనికి తిరువూరు వంటి చోటు మంచి స్థానము. 1956 వరకు ఆ ప్రక్క హైదరాబాదు రాష్ట్రము. 2014 నుండి మరల ఆ ప్రక్క వేరు రాష్ట్రమైనది. ఉర్దూ నుండి వచ్చిన ‘కసమ్’ ఆవలివారి తెలుగులో ఒట్టునకు ప్రక్కన కూర్చున్నది. ఈవల ‘అమ్మతోడు’ రాజ్యము చేయుచున్నది. సంబంధములు మాత్రము గీతకు రెండు వైపుల కలవు. మనుమని తిట్టబోయి ఇల్లు బంగారము చేసిన ముసలివారు తిరువూరులోను, సత్తుపల్లిలోను, నడుమనున్న పల్లెలలోను ఇంకను ఉన్నారు. వారివద్దకు కాగితము, కలము పట్టుకొని పోవలసినది తెలుగు చదువుకొన్న విద్యార్థులే.