దార్ఫుర్‌కు రక్షకదళం పంపాల్సిందే

ఎల్ ఫాషర్ పడిపోవడానికి ముందు అక్కడి జనం అంబాజ్ తిని ప్రాణాలు నిలుపుకొన్నారు. వేరుశనగ గింజల నుంచి నూనె తీశాక మిగిలే చెక్కను అక్కడ అలా పిలుస్తారు. మన పల్లెల్లో పాడిపశువులకు పెట్టే దాణా అది. సూడాన్ దార్ఫుర్ ప్రాంతంలోని ఈ నగరం చుట్టూ ‘ఆర్‌ఎస్‌ఎఫ్’ సాయుధ దళం మట్టికట్ట పోసి, తిండిగింజలు లోపలికి రానీయకుండా, మనుషుల్ని బయటికి పోనీయకుండా బిగించింది. 2024 మేలో మొదలైన ఆ దిగ్బంధం 2025 అక్టోబరు 26న నగరం ఆ దళం వశం కావడంతో ముగిసింది. ఆ వెంటనే సాగిన ఊచకోతను హంతకులే ఫోన్లలో చిత్రీకరించి లోకానికి చూపించుకున్నారు. ఒక్క సౌదీ ప్రసూతి ఆసుపత్రిలోనే రోగులు, వారికి తోడుగా ఉన్నవారు కలిపి 460 మందికి పైగా హతమయ్యారని ప్రపంచ ఆరోగ్య సంస్థ ప్రకటించింది. అమెరికాలోని యేల్ విశ్వవిద్యాలయ పరిశోధకులకు ఉపగ్రహ చిత్రాల్లో నేల మీద ఎర్రటి మరకలు కనిపించాయి.

అంతరిక్షం నుంచి నెత్తురు కనిపించింది కానీ, నేల మీద అడ్డు నిలవడానికి ఒక్క నీలి హెల్మెట్ కూడా లేకపోయింది. ఇదే ఎల్ ఫాషర్‌లో ఒకప్పుడు ఐక్యరాజ్యసమితి, ఆఫ్రికన్ యూనియన్ ఉమ్మడి శాంతిదళం ‘యునామిడ్’ ప్రధాన కార్యాలయం ఉండేది. 2007 జులైలో భద్రతామండలి 1769వ తీర్మానంతో సుమారు 26 వేల మంది సైనికులు, పోలీసులకు అనుమతిచ్చి ఏర్పరచిన దళమది. ప్రపంచంలోని అతిపెద్ద శాంతిదళాల్లో ఒకటి. 2020 డిసెంబరు 31న దాని గడువు ముగిసిందన్నారు. రెండు వారాలు దాటేసరికి, 2021 జనవరి మధ్యలో, ఎల్ జెనీనా పట్టణంలోని క్రిందింగ్ నిర్వాసితుల శిబిరం మీద దాడి జరిగి 150 మందికి పైగా చనిపోయారు. అది హెచ్చరిక. భద్రతామండలికి అది చెవికెక్కలేదు.

యునామిడ్‌ను వెనకేసుకు రావాలన్నది మా ఉద్దేశం కాదు. దాని లోపాలకు లెక్కలేదు. వీసాలు ఆపి, వాహనాలను రేవుల్లో నిలిపివేసి, గస్తీలకు అనుమతులు నిరాకరించి ఖార్టూమ్ ప్రభుత్వం ఆ దళం కాళ్లూ చేతులూ కట్టేసింది. దళాధికారులూ ఆ కట్లను తెంచుకునే ప్రయత్నం పెద్దగా చేయలేదు. 2014 అక్టోబరు చివర తాబిత్ గ్రామంలో సూడాన్ సైనికులు పెద్ద సంఖ్యలో మహిళలపై అత్యాచారం చేశారన్న ఆరోపణ వచ్చినప్పుడు విచారణకు వెళ్లింది ఈ దళమే. గ్రామస్థులతో మాట్లాడుతున్నంతసేపూ సూడాన్ సైనికులు పక్కనే నిలబడ్డారు. ఆధారాలేవీ దొరకలేదని దళం ప్రకటన ఇచ్చింది. తర్వాత హ్యూమన్ రైట్స్ వాచ్ 221 మంది బాధితుల లెక్క బయటపెట్టింది. ఇంతకన్నా సిగ్గుచేటు ఏముంటుంది?

అయినా ఆ దళం ఉన్నంతకాలం ఒక పని జరిగేది. శిబిరాల్లోని ఆడవాళ్లు వంటచెరుకు కోసం బయటికి వెళితే అత్యాచారాలు తప్పేవి కావు. మగవాళ్లు వెళితే చంపేస్తారు కాబట్టి ఆడవాళ్లే వెళ్లేవారు. శాంతిసైనికులు రోజూ కాకపోయినా నిర్ణీత దినాల్లో వాహనాలతో వాళ్ల వెంట నడిచి, పుల్లలు ఏరుకునేదాకా కాపలా ఉండి, తిరిగి శిబిరానికి చేర్చేవారు. చూడటానికి చిన్న పని అది. కానీ, ప్రాణాలు నిలిపింది అలాంటి పనే. దళం వెళ్లిపోయాక ఆ కాపలా కూడా పోయింది.

2023 ఏప్రిల్ 15న సూడాన్ సైన్యానికీ ఆర్‌ఎస్‌ఎఫ్‌కూ మధ్య అంతర్యుద్ధం మొదలైంది. ఈ ఆర్‌ఎస్‌ఎఫ్ ఎక్కడినుంచో ఊడిపడలేదు. ఇరవై ఏళ్ల కిందట దార్ఫుర్‌లో ఊళ్లకు ఊళ్లు తగలబెట్టిన జంజవీద్ ముఠాలకే ప్రభుత్వం తొడిగిన యూనిఫాం అది. యుద్ధం మొదలైన రెండు నెలలకు, జూన్ 14న, పశ్చిమ దార్ఫుర్ గవర్నర్ ఖమీస్ అబకర్ ఒక టీవీ చానల్‌తో ఫోన్లో మాట్లాడుతూ తన ప్రజలను ఊచకోత కోస్తున్నారని, ప్రపంచం జోక్యం చేసుకోవాలని వేడుకున్నారు. గంటలు గడవకముందే ఆయన్ను ఎత్తుకెళ్లి చంపేశారు. ఆ ఏడాది ఎల్ జెనీనాలో మసాలిత్ తెగవారు ప్రధానంగా 10 వేల నుంచి 15 వేల మంది బలయ్యారని సమితి నిపుణుల బృందం నివేదించింది. సూడాన్ సైన్యం మాత్రం తక్కువ తిన్నదేమీ కాదు. 2025 మార్చిలో ఉత్తర దార్ఫుర్‌లోని తోరా సంతపై అది వేసిన బాంబులకు బలైంది బేరమాడుకుంటున్న సామాన్యులే. ఈ యుద్ధంలో పౌరుల పక్షాన ఉన్నవారెవరూ లేరు. బయటి నుంచి దళం రావాలనడానికి ఇంతకు మించిన కారణం అక్కర్లేదు.

ఆ మాట సమితి నియమించిన నిజనిర్ధారణ సంఘమే 2024 సెప్టెంబరులో చెప్పింది. పౌరుల రక్షణకు స్వతంత్ర, నిష్పాక్షిక దళాన్ని వెంటనే పంపాలని సిఫార్సు చేసింది. సూడాన్ సైనిక ప్రభుత్వం దాన్ని తోసిపుచ్చింది. మరుసటి నెల ప్రధాన కార్యదర్శి గుటెరస్ అందుకు తగిన పరిస్థితులు లేవన్నారు. నవంబరులో బ్రిటన్, సియెర్రా లియోన్ కనీసం పౌర రక్షణ పిలుపుతో ఒక తీర్మానం తెస్తే భద్రతామండలిలో 14 దేశాలు సరేనన్నాయి. రష్యా వీటో చేసింది. ఎల్ ఫాషర్ ముట్టడి ఆపాలంటూ అదే ఏడాది జూన్‌లో 2736వ తీర్మానం నెగ్గింది కానీ, అమలు చేసే నాథుడే లేకపోయాడు. తగిన పరిస్థితులు వచ్చేదాకా ఆగుదామన్నవారికి పరిస్థితులు ఏ రూపంలో వచ్చాయో ఇప్పుడు తెలిసింది.

దేశ సార్వభౌమత్వం మాటేమిటన్న ప్రశ్న వస్తుంది. రావాలి కూడా. 2011లో లిబియాలో పౌర రక్షణ పేరిట 1973వ తీర్మానం తెచ్చి, దాన్ని అడ్డుపెట్టుకుని నాటో విమానాలు గడాఫీని కూల్చేదాకా బాంబులు వేశాయి. నాడు ఓటింగుకు దూరంగా ఉండి భారత్ సరైన పనే చేసింది. మానవతా జోక్యం అన్న పదాల చాటున పెద్ద దేశాలు ఏమేం చేయగలవో తెలిసి కూడా కళ్లు మూసుకోవాలని మేము అడగడం లేదు. కానీ ఆకాశం నుంచి ప్రభుత్వాలను కూల్చడం వేరు, శిబిరం గేటు దగ్గర కాపలా నిలబడటం వేరు. మొదటిది చెడిందని రెండోది మానుకుంటే నష్టపోయేది లిబియాను ఏలాలనుకున్నవారు కాదు, దార్ఫుర్‌లోని తవీలాలో నిర్వాసితుల గుడారాల్లో ఉన్న తల్లులు. పైగా, దారుణ పరిస్థితుల్లో సభ్యదేశంలో జోక్యం చేసుకునే హక్కును ఆఫ్రికన్ యూనియన్ తన రాజ్యాంగ చట్టంలోని 4(హెచ్) అధికరణలోనే రాసుకుంది. యుద్ధ నేరాలు, జాతి హననం, మానవత్వంపై నేరాలను అందులో పేరుపెట్టి చెప్పింది. ఇది పశ్చిమ దేశాలు ఆఫ్రికా మీద రుద్దిన సూత్రం కాదు. రువాండాలో జరిగిన జాతి హననపు చేదు అనుభవం తర్వాత ఆఫ్రికన్లు తమకు తాము పెట్టుకున్న కట్టుబాటు.

రువాండా ముచ్చటా చెప్పుకోవాలి. 1994 ఏప్రిల్ 11న కిగాలీలోని ఒక సాంకేతిక పాఠశాలలో దాదాపు రెండు వేల మంది బెల్జియం శాంతిసైనికుల అండన తలదాచుకున్నారు. విదేశీయులను తరలించే పని పడి ఆ సైనికులు ట్రక్కులెక్కి వెళ్లిపోయారు. బయట కాచుకుని ఉన్న ముఠాలు లోపలికి చొరబడ్డాయి. పది రోజులకు భద్రతామండలి రువాండా దళాన్ని 270 మందికి కుదించాలని తీర్మానించింది. అదే నగరంలో సెనెగల్ కెప్టెన్ బయే దియాన్ ఒక్కడే, ఆయుధం ఎత్తకుండా, చెక్‌పోస్టుల దగ్గర నవ్వుతూ మాటలు కలుపుతూ వందల మందిని జీపులో దాటించాడు. మే 31న మోర్టార్ దెబ్బకు చనిపోయాడు. దళం పరిమాణం ఎంత అన్నదొక్కటే కాదు, నిలబడాలన్న సంకల్పం ఉందా అన్నదీ తేల్చేది ఇక్కడే. ఆ సంకల్పం కొరవడటం అరుదేమీ కాదు. 2010-13 మధ్య పౌరులపై జరిగిన 507 దాడుల్లో శాంతిదళాలు వెంటనే స్పందించింది ఐదో వంతు సందర్భాల్లోనేనని సమితి అంతర్గత పర్యవేక్షణ కార్యాలయమే తేల్చింది. ఈ లెక్క చూసి దళాలు దండగ అంటారు కొందరు. దళాలకు గట్టి ఆదేశం, కదలడానికి వాహనాలు, వెనక నిలిచే రాజధానులు కావాలని మేమంటాం. గేటు తెరిస్తే ఏం జరుగుతుందో దక్షిణ సూడాన్ చూపింది. 2013 డిసెంబరులో అక్కడి సమితి స్థావరాలు గేట్లు బార్లా తెరవగా, ఒక దశలో 2 లక్షలకు పైగా జనం ఆ కంచెల లోపల బతికారు.

ఆ కంచెల దగ్గర మన నెత్తురూ ఉంది. ఆ డిసెంబరు 19న అకోబో స్థావరంలో తలదాచుకున్న పౌరుల కోసం సుమారు రెండు వేల మంది సాయుధులు విరుచుకుపడితే, ఇద్దరు భారత జవాన్లు ప్రాణాలొడ్డారు. సమితి దళాల్లో ఇప్పటివరకు సేవలందించిన భారతీయులు 2.9 లక్షలకు పైనే. అమరులు దాదాపు 180 మంది. 1971లో తూర్పు బెంగాల్ నుంచి కోటి మంది శరణార్థులు వచ్చిపడ్డాక, ఐరాస సర్వసభ్య సభ 104-11 ఓట్లతో కాల్పుల విరమణ, సేనల ఉపసంహరణ కోరినా మనం వెనక్కి తగ్గలేదు. పొరుగు ప్రభుత్వం తన జనాన్నే ఊచకోత కోస్తుంటే సరిహద్దు గీత సర్వస్వం కాదని భారత్ ఆనాడే ఆచరణలో చూపింది. భద్రతామండలిలో శాశ్వత స్థానం కోరే దేశం సూడాన్ విషయంలో నీళ్లు నమలడం ఈ చరిత్రకు తగదు.

నీళ్లు నమలడానికి కారణం ఊహించడం కష్టం కాదు. ఆర్‌ఎస్‌ఎఫ్‌కు ఆయుధాలు అందిస్తున్నది యునైటెడ్ అరబ్ ఎమిరేట్స్ అన్న ఆరోపణలు నమ్మదగినవేనని సమితి నిపుణుల బృందం చెప్పింది. ఆ దేశం ఖండిస్తోంది. మనకు అబూధాబీతో వాణిజ్య బంధం ఉంది. అక్కడ పనిచేసే లక్షల భారతీయుల్లో కరీంనగర్, నిజామాబాద్, కడప జిల్లాల వారూ ఉన్నారు. ఆ కుటుంబాల క్షేమం చూసుకోవాల్సిందే. కానీ ఆయుధాలు ఆపమని ఆప్తమిత్రుడన్న చనువుతో చెప్పగల స్థితిలో ఉన్నవారు మనకన్నా ఎందరున్నారు?

డబ్బు లేదన్న సాకూ వినిపిస్తోంది. 2024లో ప్రపంచ దేశాలు సైన్యాల మీద పెట్టిన ఖర్చు 2.7 లక్షల కోట్ల డాలర్లు. సమితి శాంతిదళాల బడ్జెట్టు 560 కోట్ల డాలర్లు. అందులో పావు శాతం కూడా కాదు. అమెరికా తన వాటా నిధులు బిగబట్టడంతో, ఉన్న దళాల్లోనే నాలుగో వంతు సిబ్బందిని తగ్గిస్తున్నామని 2025 అక్టోబరులో సమితి ప్రకటించింది. ఎల్ ఫాషర్ పడిపోయిన నెలలోనే.

మేము కోరేది ఇదీ. ఖార్టూమ్ అనుమతి ఇస్తే మేలు. ఇవ్వకపోతే 4(హెచ్) కింద ఆఫ్రికన్ యూనియన్ నాయకత్వంలో పౌర రక్షణ దళం రావాలి. ఆఫ్రికన్ దళాల ఖర్చులో 75 శాతం దాకా సమితి భరించేందుకు వీలు కల్పిస్తూ 2023 డిసెంబరులో భద్రతామండలి ఆమోదించిన 2719వ తీర్మానం ఉండనే ఉంది. దాన్ని వాడాలి. దేశమంతా పాలించాలని ఆ దళానికి ఎవరూ చెప్పనక్కర్లేదు. లక్షల మంది తలదాచుకున్న తవీలా, చాద్ సరిహద్దులోని అద్రె దాటే దారి, కోర్దొఫాన్‌లో ముప్పు ముంగిట ఉన్న ఎల్ ఒబెయిద్ చాలు. ముందు అక్కడ నిలబడాలి. ఆదేశం వెనక్కి తీసుకోవడానికి క్యాలెండరు తేదీ కాక, పౌరుల భద్రత కొలమానం కావాలి. యునామిడ్‌తో చేసిన తప్పు అదే. కడుగ్లీలో 2025 డిసెంబరు 13న సమితి స్థావరంపై డ్రోన్ దాడిలో ఆరుగురు బంగ్లాదేశ్ శాంతిసైనికులు చనిపోయారు కాబట్టి, గగనతల రక్షణ, డ్రోన్లను పసిగట్టే పరికరాలు మొదటి రోజు నుంచే ఉండాలి.

భారత్ తన వంతుగా ఒక పదాతిదళ బెటాలియన్, ఒక క్షేత్ర ఆసుపత్రి, మహిళా పోలీసుల దళం పంపుతామని ముందుకు రావాలి. 2007లో లైబీరియాకు ప్రపంచంలోనే తొలి పూర్తిస్థాయి మహిళా పోలీసు దళాన్ని పంపింది మనమే. వంటచెరుకు కోసం బయటికి వెళ్లే ఆడవాళ్ల వెంట నడవడానికి అంతకన్నా తగినవారు ఉండరు. ఈ ప్రతిపాదన విదేశాంగ శాఖ ఫైళ్లలో మగ్గకుండా, పార్లమెంటులో ప్రభుత్వం ప్రకటనగా రావాలి.