వేరుగా వేసిన బల్ల

సంఘ పత్రికలో సినిమా నటిని గూర్చి వ్రాయుట ఏమిటని పెద్దలు కొందరు అనుకొనవచ్చును. ఈమె ఒక బాప్టిస్టు బోధకుని కుమార్తె. పేరు హ్యాటీ మెక్‌డేనియల్. తండ్రి హెన్రీ అమెరికాలో బానిసగా పుట్టి, అంతర్యుద్ధములో ఉత్తరాదివారి సైన్యములో సిపాయిగా పోరాడినవాడు. తల్లి సూసన్ భక్తిగీతములు పాడేది. పదముగ్గురు సంతానములో హ్యాటీ కడపటిది.

ఆమె మొదట గాయని. 1929లో అమెరికా వ్యాపారములు కూలినప్పుడు పాట కూడు పెట్టలేదు. మిల్వాకీలో ఒక క్లబ్బులో మరుగుదొడ్ల దగ్గర పరిచారికగా కుదిరింది. 1931లో లాస్ ఏంజిలిస్ చేరింది. సినిమాలో గుంపులో నిలబడే వేషము దొరికితే సరే, దొరకని దినమున ఇళ్లలో పనిమనిషి. తెరమీద దొరికినదీ పనిమనిషి వేషమే! నల్లజాతి స్త్రీకి ఆ కాలపు హాలీవుడ్‌లో మరొక వేషము ఇచ్చుట బహు అరుదు.

1939లో ‘గాన్ విత్ ద విండ్’ చిత్రములో ఆమె మామీ అనే దాది. జార్జియాలోని దొరల ఇంట బానిస. బిడ్డ చనిపోయిన తరువాత ఆ ఇంటి దుఃఖమును చెప్పుచు ఆమె మెట్లెక్కే ఘట్టమున్నది, చూచినవారు మరువరు. ప్రక్కన ఎక్కే దొరసాని వేషము ఒలీవియా డి హావిలాండ్‌ది. ఇద్దరి పేర్లూ ఒకే బహుమానమునకు వెళ్లినవి.

ఆ చిత్రము డిసెంబరు 15న అట్లాంటాలో మొదట చూపబడింది. జార్జియా చట్టములో తెల్లవారికి, నల్లవారికి వేరు వేరు చోట్లు. కాబట్టి హ్యాటీ వెళ్లలేకపోయింది. ముందురాత్రి తెల్లవారి విందులో మాత్రము ఎబెనెజర్ బాప్టిస్టు సంఘపు గాయకబృందము బానిసల దుస్తులలో పాడింది. అందులో పదేండ్ల మార్టిన్ లూథర్ కింగ్ ఒకడు. సంఘ కాపరియైన అతని తండ్రిని తోటి కాపరులు తప్పుపట్టారు.

1940 ఫిబ్రవరి 29న అంబాసిడర్ హోటలులో ఆస్కారు సభ. నల్లవారిని రానివ్వని హోటలు అది. నిర్మాత సెల్జ్‌నిక్ అడుగగా ఆమెను రానిచ్చారు గాని, తన చిత్రమువారితో గాక, గోడవారగా వేసిన చిన్న బల్ల దగ్గర కూర్చుండబెట్టారు. ఆ బల్ల సంగతి మన పాఠకులలో అనేకులకు వివరింపనక్కరలేదు. అక్కడనుండి లేచి వెళ్లి ఉత్తమ సహాయనటి బహుమానము అందుకొన్నది. ఆస్కారు పొందిన నల్లజాతివారిలో ఆమె మొదటిది.

అయితే స్వజనులే నొచ్చుకొన్నారు. నల్లజాతి హక్కులకై పనిచేసే ఎన్.ఎ.ఎ.సి.పి. నాయకుడు వాల్టర్ వైట్, ఇట్టి వేషములు నల్లవారు ఊడిగమునకే పుట్టారనే తలంపును బలపరచునని వాదించాడు. నిజముగా పనిమనిషినైతే వారమునకు ఏడు డాలర్లు, వేషము కడితే ఏడువందలు అని ఆమె బదులిచ్చినట్లు చెప్పుదురు. వైట్ మాటలో న్యాయమున్నది. ఆ చిత్రము బానిసత్వమును ముద్దుగా చూపినదే. కాని మరుగుదొడ్ల దగ్గర నిలబడినదానిని, ఆ పాత్రలు వ్రాసినవారికంటె ముందుగా నిందించుటకు మాకు మనస్సు రాదు.

ఆమె సాధువుగా తలవంచుకొని ఉండలేదు. షుగర్ హిల్‌లో ఇల్లు కొన్నప్పుడు, నల్లవారికి అమ్మరాదనే పాత ఒప్పందము చూపి పొరుగువారు కోర్టుకెక్కారు. ఆమె, ఇతర నల్లజాతి కుటుంబములు ఎదిరించి 1945లో గెలిచారు.

1952 అక్టోబరు 26న రొమ్ము క్యాన్సరుతో మరణించింది. హాలీవుడ్ సమాధుల తోటలో పాతిపెట్టుమని కోరింది, తెల్లవారికి మాత్రమేనన్నారు. రోజ్‌డేల్‌లో పాతిపెట్టారు. హోవార్డ్ విశ్వవిద్యాలయమునకు ఆమె వ్రాసియిచ్చిన బహుమాన ఫలకము తరువాత కనబడకుండ పోయింది. 2023లో అకాడమీవారు బదులు ఫలకమిచ్చారు. హాలీవుడ్ తోట క్రొత్త యజమానులు 1999లో ఆమెను అక్కడికి తెచ్చుకొందుమన్నారు. కుటుంబమువారు కదల్పనియ్యలేదు. అక్కడ జ్ఞాపకార్థముగా ఒక రాయి మాత్రము నిలిపారు.