‘పరిపాలనా సౌలభ్యం దృష్ట్యా’

బదిలీ ఉత్తర్వుల్లో తరచుగా కనిపించే మాటలివి. ఎస్టాబ్లిష్‌మెంటు సెక్షనులో ఏళ్ల తరబడి నోట్ ఫైళ్లు రాసినవాడిగా చెబుతున్నాను: ఆ మాటల చాటున నిజమైన అవసరం ఉండవచ్చు, ఒక ప్రజాప్రతినిధి సిఫారసు లేఖ ఉండవచ్చు, ఒక్కోసారి ఆకాశరామన్న ఉత్తరమూ ఉండవచ్చు. వీటిలో ఏది తనను కదిలించిందో ఉత్తర్వు అందుకున్న ఉద్యోగికి తెలియదు.

‘కోర్టుకు వెళ్తే ఆగుతుందా?’ అని మన సముదాయపు యువ ఉద్యోగులు, ముఖ్యంగా ఉపాధ్యాయినులు అడుగుతుంటారు. సాధారణంగా ఆగదు. బదిలీ ఉద్యోగంలో అంతర్భాగమని సుప్రీంకోర్టు పలుమార్లు స్పష్టం చేసింది. 1993 నాటి ఎస్.ఎల్. అబ్బాస్ కేసు ఇందుకు నిదర్శనం. ఆయన షిల్లాంగులో బొటానికల్ సర్వే ఉద్యోగి. భార్య అక్కడే కేంద్ర ప్రభుత్వ ఉద్యోగిని, పిల్లల చదువులూ అక్కడే, పైగా ఆయనకు వెన్నెముక గాయం. పౌరీకి బదిలీ చేశారు. ట్రిబ్యునల్ రద్దు చేసినా, సుప్రీంకోర్టు ఆ బదిలీని నిలబెట్టింది. దంపతులను వీలైనంతవరకు ఒకేచోట ఉంచాలన్న మార్గదర్శకాలను అధికారి గమనించవలసిందే గాని, అవి ఉద్యోగికి చట్టబద్ధమైన హక్కును ఇవ్వవన్నది ఆ తీర్పు సారాంశం. 2022లో నౌషాద్ రహమాన్ కేసులో కుటుంబ జీవితం, స్త్రీల స్థితిగతులు, వికలాంగుల అవసరాల గురించి న్యాయస్థానం ఎంతో సానుభూతితో మాట్లాడింది. అయినా ప్రభుత్వ సర్క్యులర్‌ను కొట్టివేయలేదు. విధానాన్ని పునఃపరిశీలించమని మాత్రమే చెప్పింది.

అయితే తలుపులన్నీ మూసుకుపోలేదు. ఉత్తర్వు ఇచ్చిన అధికారికి ఆ అధికారమే లేకపోయినా, తప్పనిసరి చట్ట నిబంధనను ఉల్లంఘించినా, దురుద్దేశం రుజువైనా కోర్టు జోక్యం చేసుకుంటుంది. 2008లో సోమేశ్ తివారీ కేసులో ఆకాశరామన్న ఫిర్యాదు మీద జరిగిన బదిలీని సుప్రీంకోర్టు తప్పుపట్టింది. శిక్షకు బదులుగా బదిలీ చేయడం చట్టవిరుద్ధమని తేల్చింది. కానీ దురుద్దేశానికి ఆధారం కావాలి. ‘నేను ముస్లింను కాబట్టి పంపారు’ అన్న అనుమానం ఒక్కటే ఏ కోర్టులోనూ నిలవదు. తేదీలు, కాగితాలు మాట్లాడాలి.

మరొక ప్రమాదముంది. వినతిపత్రం ఇచ్చాం కదా అని విధుల్లో చేరకుండా ఇంట్లో కూర్చునేవారున్నారు. గుజరాత్ విద్యుత్ బోర్డు ఉద్యోగి ఒకరు అలాగే చేసి ఉద్యోగమే పోగొట్టుకున్నారు. 1989లో సుప్రీంకోర్టు ఆ తొలగింపును సమర్థించింది. పైగా మన రెండు రాష్ట్రాల్లో పరిపాలనా ట్రిబ్యునల్ ఇప్పుడు లేదు. హైకోర్టుకే వెళ్లాలి. చిరుద్యోగికి వకీలు ఫీజు ఒక నెల జీతం!

సమస్య మూలం మార్గదర్శకాలకు బలం లేకపోవడమే. మహారాష్ట్ర 2005లోనే బదిలీలకు చట్టం చేసి, సాధారణ పదవీకాలాన్ని మూడేళ్లుగా నిర్ణయించింది. అక్కడి ఉద్యోగి కోర్టులో జాలిని కాక చట్టాన్ని చూపగలడు. ఆంధ్రప్రదేశ్‌లో ఉపాధ్యాయుల బదిలీలకు 2025లో చట్టం వచ్చింది, సంతోషం. మరి గుమస్తాల సంగతేమిటి, నర్సుల సంగతేమిటి? 2021 డిసెంబరు 6 నాటి జీవో 317తో తెలంగాణలో ఎందరో దంపతులు చెరో జిల్లాకు చెదిరిపోయారు. అది బదిలీ కాదు, కేటాయింపు అన్నారు. ఇంటిల్లిపాదికీ ఆ తేడా ఏం తెలుస్తుంది?

ఉర్దూ మాధ్యమ ఉపాధ్యాయినికి కష్టం రెండింతలు. ఉర్దూ బడులున్న ఊళ్లు జిల్లాలో కొన్నే. ఆమె కోరుకోగల ఖాళీల పట్టికే చిన్నది. ఇంట్లో మొదటిసారి జీతం తెచ్చిన ఆడపిల్లను దూరపు మండలానికి పంపితే, ‘మానెయ్యి బేటీ’ అనే పెద్దలు మనలో తక్కువేమీ కాదు. ఆ రాజీనామా ఏ బదిలీల లెక్కలోనూ కనబడదు.

కనీస పదవీకాలం పెడితే అవినీతిపరులు పాతుకుపోతారని కొందరంటారు. వారిపై విచారణ జరిపి శిక్షించండి. అవినీతిపరుణ్ణి పక్క జిల్లాకు పంపితే ఆ జిల్లా ప్రజలు చేసిన పాపమేమిటి? మన ఉద్యోగ సంఘాలు జీతభత్యాల పక్కన ఈ చట్టం కోరికను కూడా పెట్టాలి. అంతవరకు, ఉత్తర్వు అందినవారు ముందు చేరండి. చేరిన వారంలోపే కారణాలన్నీ రాసి వినతిపత్రం ఇచ్చి, నకలు మీద ఇన్‌వర్డ్ నంబరు, తేదీ వేయించుకోండి. జవాబు రాకపోతే సమాచార హక్కు చట్టం కింద ఆ నోట్ ఫైలు ప్రతి అడగండి.