వరమా, శాపమా కాదు... ఎవరికి?

వ్యాసరచన పోటీ అనగానే మనకిచ్చే అంశాల్లో సగం "వరమా? శాపమా?" అనే ఉంటాయి. టీవీ, సెల్‌ఫోను అయిపోయాయి. ఇప్పుడు జన్యు సవరణ వంతు. వరం అనేవాళ్లు ఇక రోగాలే ఉండవంటారు. శాపం అనేవాళ్లు దేవుడి సృష్టిలో వేలు పెట్టకూడదంటారు. నాకు ఈ రెండు వాదాలూ నచ్చవు. ఎందుకంటే మాది రాయగడ జిల్లా. మా పెద్దమ్మ కొడుక్కి సికిల్ సెల్ జబ్బు ఉంది.

హిమోగ్లోబిన్ తయారుచేసే జన్యువులో ఒకే ఒక్క అక్షరం మారితే వచ్చే జబ్బు ఇది. గుండ్రంగా ఉండాల్సిన ఎర్ర రక్తకణం కొడవలిలా వంగిపోయి సన్నని రక్తనాళాల్లో అడ్డుపడుతుంది. అన్నయ్యకి నొప్పులొచ్చిన రాత్రి ఆ ఇంట్లో ఎవరికీ నిద్ర ఉండదు.

ముందు "శాపం" వాళ్లకి నా జవాబు. 2018లో చైనాలో హె జియాన్‌కుయ్ అనే శాస్త్రవేత్త పిండాల్లోనే జన్యువులు మార్చి కవల ఆడపిల్లలు పుట్టేలా చేశాడు. అది తప్పే. ఆ మార్పు తరతరాలకీ పోతుంది. అతనికి మూడేళ్ల జైలుశిక్ష కూడా పడింది. కానీ రోగి రక్తాన్ని తయారుచేసే మూలకణాలను సవరిస్తే ఆ మార్పు అతని పిల్లలకి పోదు. ఈ రెండింటినీ ఒకే గాటన కట్టడం అన్యాయం. టీకా వేయించుకుని, కళ్లద్దాలు పెట్టుకుని తిరిగే మనం, నొప్పితో మెలికలు తిరిగేవాడికి మాత్రం సృష్టి ధర్మం చెప్పడమేమిటి?

ఇక "వరం" వాళ్లకి. క్రిస్పర్ పద్ధతి కనిపెట్టిన షార్పెంటియే, డౌడ్నాలకు 2020లో నోబెల్ వచ్చింది. 2023 చివర్లో బ్రిటన్, అమెరికా కాస్‌జెవీ అనే చికిత్సను అనుమతించాయి. రోగి మూలకణాలను బయటికి తీసి, కడుపులో ఉన్నప్పుడు తయారయ్యే హిమోగ్లోబిన్ మళ్లీ తయారయ్యేలా సవరించి, బలమైన కీమోథెరపీ ఇచ్చాక తిరిగి ఎక్కిస్తారు. ప్రయోగాల్లో ఫలితం తేలిన 31 మందిలో 29 మందికి కనీసం ఏడాదిపాటు తీవ్రమైన నొప్పులు రాలేదు. గొప్ప విషయమే! మరి ఖరీదు? 2023లో అమెరికాలో 22 లక్షల డాలర్లు. అంటే అప్పటి లెక్కన సుమారు 18 కోట్ల రూపాయలు. ఆ లెక్క చెబితే మా పెద్దమ్మ నవ్వి ఊరుకుంది. అందని దాన్ని వరం అని ఎలా అంటాం?

అందుకే నేనడిగేది ఒకటే ప్రశ్న: ఎవరికి? ఢిల్లీలోని ఐజీఐబీ శాస్త్రవేత్తలు తక్కువ ఖర్చుతో ఈ చికిత్స చేయడానికి కృషి చేస్తున్నారు. ప్రభుత్వం డబ్బు పెట్టాల్సింది అక్కడ. అది అందేలోపు నొప్పులు తగ్గించే హైడ్రాక్సీయూరియా ఉంది. అది చవకైన మందే. అయినా మాకు దగ్గరున్న ఆసుపత్రిలో ఒక్కో నెల "అయిపోయింది, తర్వాత రండి" అంటారు. 18 కోట్ల మందు గురించి చప్పట్లు కొట్టే మనం, ఈ మందు ఎందుకు లేదని అడగమేం?

మనవాళ్లనీ ఒక మాట అనాలి. 2047 నాటికి ఈ జబ్బును నిర్మూలించాలని 2023 జులైలో కేంద్రం జాతీయ మిషన్ మొదలుపెట్టింది. 7 కోట్ల మందికి రక్తపరీక్ష దాని లక్ష్యం. అయినా "మా పిల్లకి పరీక్షేమిటి, సంబంధాలు చెడిపోవూ?" అనే ఇళ్లు ఉన్నాయి. తల్లికీ తండ్రికీ ఈ జన్యువు ఒక్కోటి ఉంటే, పైకి ఇద్దరూ ఆరోగ్యంగానే కనిపిస్తారు. కానీ ప్రతి కాన్పులోనూ నాలుగింట ఒక వంతు బిడ్డకి జబ్బు వచ్చే అవకాశం ఉంది. ఆ జన్యువు తిరిగే కుటుంబంలో మేనరికమైతే ప్రమాదం ఇంకా ఎక్కువ. జాతకాలు చూపించుకోవడానికి సిగ్గుపడం. రక్తపరీక్ష కాగితం చూపించుకోవడానికి సిగ్గెందుకు?

అమ్మలూ, నాన్నలూ, పరీక్ష చేయించండి. మందు లేదంటే ఎందుకు లేదని గట్టిగా అడగండి. పేదవాడి బిడ్డకి అందిన రోజున జన్యు సవరణను వరమని నేనే అందరికంటే ముందు అంటాను.