వంటింటి శాస్త్రం: సీమపనస, కొబ్బరిపాలు

పిల్లలూ! మీలో చాలామంది సీమచింతకాయలు తినే వుంటారు. బడిలో సీమసున్నపు ముక్కతో నల్లబల్ల మీద రాసే వుంటారు. ఈ పేర్ల ముందు "సీమ" అని ఎందుకు చేరిందో ఎప్పుడైనా ఆలోచించారా? సముద్రం అవతలి నుంచి వచ్చిన వస్తువుల పేర్ల ముందు మన పెద్దలు "సీమ" అని చేర్చేవారు. సీమచింత మెక్సికో వైపు నుంచి వచ్చిన చెట్టు. దాని కాయ చింతకాయలాగా వంకర తిరిగి వుంటుంది గనక దానికి ఆ పేరు వచ్చింది.

ఈ నెల మనం వండబోయే కాయ పేరు సీమపనస. కేరళలో దీన్ని శీమచక్క అంటారు. చక్క అంటే వాళ్ల భాషలో పనస. శ్రీలంకలో సింహళభాష మాట్లాడేవాళ్లు రట దెల్ అంటారు. దెల్ ఆ దీవిలోనే పుట్టిన ఒక పనసజాతి చెట్టు. రట దెల్ అంటే పరదేశపు దెల్ అన్నమాట. ఎవరికి వారు తమ పెరటిచెట్టుతో పోల్చుకుని, ఇది మాత్రం బయటి నుంచి వచ్చింది సుమా అని పేరులోనే చెప్పారు.

పోలిక వుత్త పోలిక కాదు. సీమపనస నిజంగా పనసకు చుట్టమే. వృక్షశాస్త్రజ్ఞులు ఈ రెండింటినీ ఆర్టోకార్పస్ అనే ఒకే ప్రజాతిలో చేర్చారు. గ్రీకు భాషలో ఆర్టోస్ అంటే రొట్టె, కార్పోస్ అంటే పండు. మనం దాన్ని పనస పేరుతో పిలిస్తే, శాస్త్రజ్ఞులు మన పనసను కూడా రొట్టెపండు జాతిలో కలిపేశారు!

సీమపనస చెట్టు పెద్దది. ఆకులు మూరెడు పొడుగుండి, అంచులు లోతుగా చీలి, చెయ్యి చాచినట్టు వుంటాయి. కాయ గుండ్రంగానో కోలగానో వుండి, సాధారణంగా ఒకటి రెండు కిలోలు తూగుతుంది. పచ్చని తోలు మీద తేనెపట్టులో గదుల్లాగా ఆరుపలకల గుర్తులు వుంటాయి. ఒక్కొక్క గుర్తూ ఒక్కొక్క పువ్వు. వందలకొద్దీ చిన్నపువ్వులు ఒకదానికొకటి అతుక్కుని ఒకే కాయ అయినాయి. ఈసారి మీ ఇంటికి పనసకాయ వచ్చినప్పుడు దాని ముళ్లు చూడండి. అక్కడా ఇదే సంగతి.

పచ్చికాయ వంద గ్రాములు తీసుకుంటే అందులో సుమారు 70 గ్రాములు నీరు, 27 గ్రాములు పిండిపదార్థం. అంటే ఇది పేరుకు కాయేగాని పనికి బంగాళాదుంప వంటిది. కడుపు నింపుతుంది. నిప్పుల మీద కాలిస్తే లోపలి కండ అప్పుడే కాల్చిన రొట్టెలాగా వుంటుందని తెల్లవాళ్లు దీన్ని రొట్టెపండు అన్నారు.

ఇక అసలు విచిత్రం వినండి. మనుషులు ఎక్కువగా పెంచే సీమపనసలో గింజలే వుండవు! గింజలు లేని చెట్టు సముద్రాలు ఎట్లా దాటింది? గాలి మోయలేదు, పిట్టలు మోయలేదు. మనుషులే మోశారు. న్యూగినీ ప్రాంతంలో దీని పూర్వీకచెట్టు వుంది, దానికి గింజలుంటాయి. అక్కడి నుంచి పసిఫిక్ దీవులకు పడవల్లో వలస వెళ్లినవాళ్లు, వేల ఏళ్ల కిందటే, మంచి కాయలు కాసే చెట్ల వేళ్ల దగ్గర మొలిచిన పిలకలను తవ్వి, తడి ఆరకుండా కాపాడుకుంటూ తీసుకుపోయారు. ఏ కొత్త దీవిలో దిగినా ముందు వాటిని నాటారు. పిలక ఎండిపోతే మళ్లీ తిండి వుండదు మరి!

అట్లా వాళ్లు చేరిన దీవుల్లో సమోవా ఒకటి. సమోవా భాషలో సీమపనసను ఉలు అంటారు. ఉలును కొబ్బరిపాలతో వండితే ఫాలిఫు ఉలు అంటారు. చేపతోనో మాంసంతోనో కలిపి పక్కన వడ్డించుకునే కమ్మని వంట అది. అక్కడ రాళ్లను నిప్పుల్లో కాల్చి, వాటి మీద ఆకుల్లో చుట్టిన తిండి వుంచి వండే పని కుర్రవాళ్లది. కొబ్బరి కోరేదీ, పాలు పిండేదీ వాళ్లే. వంట ఆడపిల్లల పని అనుకునే మగపిల్లలెవరైనా వుంటే ఈ ముక్క రెండుసార్లు చదవండి.

ఇంతవరకూ తమ కోసం తాము చెట్టును మోసినవాళ్ల కథ. ఇదే చెట్టును మరొక పనికోసం మోసినవాళ్లు కూడా వున్నారు.

ఆ రోజుల్లో వెస్టిండీస్ దీవుల్లో ఇంగ్లీషువాళ్లకు పెద్దపెద్ద చెరకుతోటలు వుండేవి. ఆఫ్రికా నుంచి బలవంతంగా పట్టి తెచ్చిన మనుషుల చేత వాటిలో చాకిరీ చేయించేవారు. ఆ బానిసలకు కూలి లేదు, స్వేచ్ఛ లేదు. అమెరికాలోని వలసలు ఇంగ్లండు మీద యుద్ధానికి లేవటంతో అక్కడి నుంచి వచ్చే తిండిసరుకు ఆగిపోయింది. దానికి తోడు గాలివానలు. వేలాదిమంది బానిసలు ఆకలితో, జబ్బులతో చచ్చిపోయారు. తోటల యజమానులు తమ పొలంలో చెరకు తగ్గించి తిండిగింజలు వేయవచ్చును గదా? అట్లా చేయలేదు. ఖర్చులేని తిండి కావాలన్నారు. పసిఫిక్ దీవుల్లో ఒకసారి నాటితే ఏళ్ల తరబడి కాసే చెట్టు వున్నదని వాళ్లు విన్నారు.

1787 డిసెంబరులో విలియం బ్లై నాయకత్వాన బౌంటీ అనే ఓడ ఇంగ్లండు నుంచి బయలుదేరింది. 1788 అక్టోబరులో తాహితీ దీవి చేరింది. వెయ్యికి పైగా మొక్కలు కుండీల్లో పెట్టుకున్నారు. ఓడలో పెద్ద గదిని మొక్కల కోసమే మార్చేశారు. కాని తిరుగుప్రయాణంలో, 1789 ఏప్రిల్ 28న, నావికులు కొందరు తిరగబడి బ్లైనీ మరి 18 మందినీ చిన్నపడవలోకి దింపి వదిలేశారు. మొక్కలను సముద్రంలో పారవేశారు. బ్లై ఆ చిన్నపడవలో 6,000 కిలోమీటర్లకు పైగా ప్రయాణించి తిమోర్ దీవి చేరి బతికాడు. 1791లో మళ్లీ ప్రావిడెన్స్ అనే ఓడలో బయలుదేరాడు. ఈసారి మొక్కలు చేరినాయి. 1793 జనవరిలో సెంట్ విన్సెంట్ దీవిలో, ఫిబ్రవరిలో జమైకాలో వాటిని దింపారు.

చెట్లు బతికాయి, కాయలు కాశాయి. కాని ఎవరి కోసం తెచ్చారో వాళ్లకు అవి మొదట్లో రుచించలేదు. తమకు అలవాటైన అరటికాయలే బాగున్నాయన్నారు. ఇంకొకరు లెక్కలు వేసి, అడగకుండా తెచ్చి పెట్టిన తిండి గదా!

ఇంగ్లీషువాళ్ల దీవుల్లో బానిసత్వాన్ని తీసివేసే చట్టం 1834లో అమలుకు వచ్చింది. పూర్తి స్వేచ్ఛ 1838లో దొరికింది. ఆ చెట్లు మటుకు అక్కడే వున్నాయి. విముక్తులైనవాళ్లు, వాళ్ల పిల్లలు, వాళ్ల మనుమలు ఆ కాయను తమ ఇష్టప్రకారం వండుకున్నారు. సెంట్ విన్సెంటుకు దక్షిణంగా గ్రెనడా అనే చిన్న దేశం వుంది. అక్కడ సీమపనస ముక్కలు, చామఆకులు, పసుపు, మిరపకాయ, ఉప్పువేసిన మాంసమో చేపో పెద్దకుండలో పొరలుపొరలుగా పేర్చి, కొబ్బరిపాలు పోసి, పాలన్నీ ఇంకిపోయేదాకా వుడికిస్తారు. దాని పేరు ఆయిల్ డౌన్. నూనె అడుక్కు దిగింది అని అర్థం. ఇరుగుపొరుగు అంతా కలిసి కుండ చుట్టూ చేరి తింటారు. గ్రెనడా జాతీయవంటకం ఇదే. చవకగా చాకిరీ చేయించుకోవటానికి తెచ్చిన కాయ, స్వతంత్ర దేశానికి పండగవంట అయింది. తెచ్చినవాళ్లు అనుకున్నది ఒకటి, వండుకున్నవాళ్లు చేసింది ఒకటి.

సరే, ఇప్పుడు సమోవా పద్ధతిలో మనం వండుదామా? పెద్దవాళ్లను పక్కన వుంచుకోండి. కత్తిపని, పొయ్యిపని వాళ్లతో కలిసే చేయాలి.

కావలసినవి: ముదిరిన, పండని సీమపనసకాయ ఒకటి (కిలో వుంటే నలుగురికి వస్తుంది), పెద్ద కొబ్బరికాయ 1, ఉల్లిపాయ 1, తగినంత ఉప్పు. సీమపనస దొరకకపోతే కూర అరటికాయలు ఆరు తీసుకోండి. సమోవాలో పచ్చి అరటికాయలను కూడా ఇట్లాగే వండుతారు.

ముందు కొబ్బరి కోరి, గ్లాసు గోరువెచ్చని నీళ్లు పోసి రుబ్బి, శుభ్రమైన గుడ్డలో వేసి గట్టిగా పిండండి. ఇవి చిక్కనిపాలు. పిప్పిలో మళ్లీ నీళ్లు పోసి పిండితే పలచనిపాలు వస్తాయి. వాటిని చారులోనో కూరలోనో వాడుకోవచ్చు.

సీమపనసకు కూడా పనసకు మల్లే తెల్లని జిగురుపాలు కారతాయి. చేతికీ కత్తికీ నూనె రాసుకుంటే అంటదు. తోలు చెక్కి, మధ్య వుండే గట్టిభాగం తీసేసి, నిలువుగా చీలికలు కోయండి. కోసినవి కోసినట్టు నీళ్లలో వేయండి. వంకాయముక్కల్లాగే ఇవి కూడా గాలి తగిలితే నల్లబడతాయి.

ఉప్పువేసిన నీళ్లలో ముక్కలను 15, 20 నిమిషాలు వుడికించండి. వేడికి ముక్కలోని పిండిరేణువులు నీరు పీల్చి వుబ్బుతాయి. అందుకే గట్టిముక్క మెత్తబడుతుంది. కత్తిమొన సులువుగా దిగితే వుడికినట్టే. నీళ్లు వంచేయండి.

వేరే గిన్నెలో చిక్కనిపాలు పోసి, సన్నగా తరిగిన ఉల్లిపాయ, ఉప్పు వేసి, సన్నని సెగ మీద కలుపుతూ వుండండి. గిన్నె అంచుల దగ్గర చిన్నబుడగలు కనిపించగానే ముక్కలు వేసి, రెండు నిమిషాలుంచి దింపండి. తెల్లని చిక్కని పాలు ముక్కలకు పట్టి మీగడలాగా వుంటాయి.

పాలను తెర్లనివ్వకూడదు. ఎందుకంటారా? కొబ్బరిపాలు నీళ్లూ నూనే కలిసిన ద్రవం. నూనె కంటికి కనిపించనంత చిన్నబొట్లుగా వుంటుంది. ఒక్కొక్క బొట్టు చుట్టూ మాంసకృత్తుల పొర వుండి, బొట్లను ఒకదానితో ఒకటి కలవనివ్వదు. సెగ ఎక్కువయితే ఆ పొర చెడిపోతుంది. బొట్లన్నీ కలిసి నూనె విడిపోతుంది. సమోవావాళ్లకు మీగడ కావాలి గనక సెగ తగ్గిస్తారు. గ్రెనడావాళ్లకు నూనె దిగాలి గనక మరిగిస్తారు. కాయ అదే, పాలూ అవే. సెగలోనే వుంది తేడా అంతా.

మీరే చూడవచ్చు. నాలుగు చెంచాల చిక్కనిపాలు పక్కకు తీసి, చిన్నగిన్నెలో పోసి, పెద్దవాళ్ల చేత బాగా మరిగించండి. నీరు ఇగిరి, పాలు విరిగి, చివరకు నూనె తేలి కమ్మని వాసన వస్తుంది. పెద్దసెగ మీద ఎంతసేపటికి నూనె కనిపించిందో, సన్నసెగ మీద ఎంతసేపటికి కనిపించిందో నోటుపుస్తకంలో రాసుకోండి.

చివరగా ఒక మాట. సమోవా వంటలో పచ్చిమిరప, కరివేపాకు వుండవు. మీ ఇంట్లో అవి లేనిదే ముద్ద దిగదంటారా? పాలతో పాటు ఒక మిరపకాయ చీల్చి వేయండి, ఒక రెబ్బ కరివేపాకు తుంచి వేయండి. అప్పుడది సమోవా వంట కాదు, మీ ఇంటి వంట. ఆ చెట్టు చేరిన ప్రతి తీరంలోనూ మనుషులు చేసింది ఇదే.