కూర్పరికి కీర్తి యేది?

వనపర్తి జిల్లాలోని ఖిల్లా ఘణపురమున గుట్టలపై ప్రాచీన దుర్గమొకటి నిలిచియున్నది. గోన గణపారెడ్డి కట్టించెనని జనులు చెప్పుదురు. రాతిని రాతితో కూర్చినవాని పేరు చెప్పువాడొక్కడును లేడు. కాకతీయులనాటి పనివాని పేరు మాసిపోయినందుకు కాలమును నిందింపవచ్చును. కాని మన కాలమున, మన భాషలో, వెండితెరపై పేరు పడిన పనివానిని సైతము మరచుట యెవరి నేరము?

చలనచిత్రముల కూర్పరి జి.జి. కృష్ణారావుగారిని గూర్చి చెప్పుచున్నాము. రెండువందలకు పైబడిన చిత్రములకు ఆయన కూర్పు చేసిరి. శంకరాభరణము, సప్తపది, సాగరసంగమము, స్వాతిముత్యము, శుభసంకల్పము ఆయన చేతిమీదుగా వెలువడినవే. 2023 ఫిబ్రవరి 2న దర్శకులు కె. విశ్వనాథ్ గారు దివంగతులు కాగా తెలుగునాడెల్ల కంటతడి పెట్టెను, అది ధర్మమే. ఆ నెల 21న కృష్ణారావుగారు బెంగుళూరులో కాలధర్మము నొందిరి. ఆ చిత్రములనే పలుమారులు చూచి మురిసిన యిండ్లలో ఎన్నింట నాడు ఆయన పేరు వినబడెను?

“కత్తెరతో అక్కరలేనిది కోయువానికి ఇంత గౌరవమేల?” యని కొందరందురు. మన భాష యీ పనికి కూర్పు అని పేరు పెట్టినదేగాని కోత యని పెట్టలేదు. ఫిల్ము సెకనుకు 24 చట్రముల చొప్పున, నిమిషమునకు 90 అడుగులు నడచును. రెండున్నర గంటల చిత్రమన్న 13,500 అడుగులు. చిత్రీకరించినది అంతకు ఎన్నియో రెట్లు. బొమ్మ యొక పట్టీపై, ధ్వని వేరొక పట్టీపై నుండగా, మువియోలా యంత్రము ముందర కూర్చుండి ఆ రెంటిని జతపరచి, ఏ చూపు ఎంతసేపు నిలువవలెనో, ఏ అడుగు ఏ తాళముపై పడవలెనో నిర్ణయించుట కోతగాని పనియా?

1980లో విడుదలైన శంకరాభరణమునే చూడుడు. శంకరశాస్త్రి ముఖము సోమయాజులుగారిది, గానము బాలసుబ్రహ్మణ్యముగారిది. కొన్ని చట్రములు జారినను పెదవి యొకచోట, పాట యొకచోట నుండెడివి. ఆ చిత్రమునకు జాతీయ పురస్కారములు నాలుగు లభించెను: చిత్రమునకొకటి, సంగీతమునకొకటి, గాయకునకొకటి, గాయనికొకటి. గొంతునకు పురస్కారము వచ్చెను. ఆ గొంతును ఆ ముఖమునకు అతికిన చేతికి రాలేదు!

రాష్ట్రప్రభుత్వము కొంత నయము. సప్తపది, సాగరసంగమము, శుభసంకల్పము చిత్రముల కూర్పునకు ఆయనకు నంది పురస్కారముల నిచ్చెను. ఆ నందులును 2016వ సంవత్సరపు చిత్రముల పిదప చిరకాలము స్తంభించినవి. 2025లో తెలంగాణ ప్రభుత్వము గద్దరు పేర పురస్కారముల నొసగుచు కూర్పరికిని చోటిచ్చుట హర్షణీయము. కాని పురస్కారమొక్కటే చాలునా?

చిత్రవిమర్శకులు నిడివి హెచ్చెనని నిందించుటకు మాత్రమే కూర్పును తలచుచున్నారు. చిత్రము చక్కగా నడచినప్పుడు ఆ యశస్సును దర్శకునికే కట్టబెట్టుచున్నారు. ఈ పక్షపాతము తొలగవలెను. టెలివిజను వాహినులు ప్రకటనల కొరకు పాత చిత్రములను ఇష్టము వచ్చినచోట తెగగొట్టుట మానవలెను. అది యొకరి జీవితకాలపు శ్రమను తొక్కుటయే. 1932 నాటి మన తొలి టాకీ భక్తప్రహ్లాద ప్రతి యొక్కటియు మిగులకుండ పోగొట్టుకొన్న జాతికి ఇంకను బుద్ధి రాకున్న నెట్లు? మువియోలాపై కూర్పు నేర్చిన తరము కంప్యూటరు రాకతో పనికి దూరమై, ఒక్కొక్కరుగ రాలిపోవుచున్నది. వారి విద్య యే గ్రంథమునందును లేదు; వారి వ్రేళ్లయందున్నది. విశ్వవిద్యాలయములును, చలనచిత్ర మండలియు ఆ వృద్ధుల యిండ్లకు నేడే పోయి, వారు చెప్పునది వ్రాసికొనవలెను. రేపు పోయినచో దండవేయుటకు పటము మాత్రమే దొరకును.